లెక్కలో ఒకటి తక్కువ

లీలామహల్ సర్కిల్లో, తెల్లారి ఐదున్నరకి,
టెంపో తలుపు కాడ నిలబడి
ఆ పిల్లోడు తలకాయలు ఎంచుతా ఉండాడు.
వేలు గాల్లో ఆడిస్తా, పెదాలు కదలకుండా.
నా దగ్గరికొచ్చి "పదమూడు" అన్నాడు.
ఇరవైరెండేండ్లు నేను చేసిన పని అది.
నన్ను మాత్రం ఎవురూ ఎంచలేదు ఇంతవరకు.

పేరు చెంగల్రాయుడంట. మెడలో ఈల.
మనిషికి పన్నెండు వందలు, చిత్రాన్నం పొట్లంతో కలిపి.
"అమ్మా, ఈత వచ్చా మీకు?"
"టికెట్ కొట్టేది వచ్చు నాయనా."
ఎనక సీట్లో నగరి మగ్గాలోళ్ళు నవ్వినారు.

తిరుపతి నుంచి పీలేరు, తొలి ట్రిప్పు.
చంద్రగిరి అంటే నాకు ఒక స్టేజీ పేరు.
కోట అంటే కిటికీలో అర నిమిషం బూడిద రంగు;
ఆ అర నిమిషంలోనే చిల్లర ఇయ్యాల,
ఎస్సారు రాయాల, తాగినోడితో తగువు తీర్చాల.
ఈ పొద్దు దిగినా.
గోడ మీద చెయ్యి పెట్టినా. ఎండ ఎక్కకముందే ఎచ్చగా ఉంది,
రాత్రంతా ఎవురో ఆనుకోని పోయినట్టు.

"ఈ మహల్లో ఒక్క కొయ్యముక్క లేదు" అన్నాడు చెంగల్రాయుడు,
తనే కట్టించినంత గొప్పగా.
"అదో, అది రాణీ మహలు.
కాదు, గుర్రాల సాల అనేవాళ్ళూ ఉండారు."
అందురూ ఫోటోలకు పోయినారు.
నాకు మా డిపోలో ఆడ కండక్టర్లకిచ్చిన రెస్టు రూము యాదికొచ్చింది.
అంతకుముందు అందులో పాత టైర్లు ఏసేవాళ్ళు.

భాకరాపేట ఘాటు.
ప్రతి మలుపూ నా కుడికాలికి తెలుసు.
కూచోనుండా, అయినా కాలు ముందే బిగుసుకుంటా ఉంది.
మూడో మలుపులో ఒక బిడ్డకు తల తిరిగింది.
వాళ్ళమ్మ అడగకముందే సంచిలోంచి కవరు తీసిచ్చినా.
చెక్‌పోస్టు కాడ ఫారెస్టాయన
నా ఊరగాయ డబ్బా మూత తీసి, వాసన చూసి,
ఇంకోసారి చూసి, ఇచ్చినాడు.

ఆడినుంచి నడక. ఏటి గుండ్లు, చీకటి ఆకులు.
"యేరు పట్టుకోండి, కొమ్మ పట్టుకోవద్దండి."
మొదటి గుండం పిల్లకాయలకు. రెండోది ఫోటోలకు.
మూడోది మాకు.
"ఎంత లోతు?"
"కొలిచినోడు లేడమ్మా."

నారింజ రంగు జాకెట్టు బిగించి
పండక్కి కూడా కొనని ట్రాక్ ప్యాంటుతో
రాయి మీది నుంచి జారినా.
సల్లదనం గొంతు పట్టుకోని, వదిలింది.
చూస్తే పాదాల కింద ఏమీ లేదు.
ఫుట్‌బోర్డు లేదు, ఊగే రేకు లేదు, ఎవురి చెప్పూ లేదు.
పగిలిన మడమలు రెండూ
ఎవురివో అయినట్టు తేలతా ఉండాయి.

నీళ్ళు పడే చోట ఎనక ఒక గూడుంది.
చేతులు ఆడిస్తే అదే తీసకపోయింది నన్ను.
ముందర తెల్లటి తెర. అవతల రంగులు, మాటల్లేవు.
చెంగల్రాయుడు వేలు ఆడిస్తా ఉండాడు.
ఆగినాడు. మళ్ళా మొదట్నుంచి.
పన్నెండు.
ఆ ముఖం నాకు తెలుసు. కడుపులో రాయి పడే ముఖం అది.

ఒగసారి రాత్రి ట్రిప్పులో, ఘాటు కింద
ఒంటికి పోను దిగిన ముసలాయన్ని మరిచిపోయి
రెండీలలు కొట్టేసినా.
రెండు మైళ్ళు పోయినాక ఎంచితే ఒకటి తక్కువ.
బండి తిప్పించి, ఏడుస్తా పోయి చూస్తే
మైలురాయి మీద కూచోని శెనక్కాయలు ఒలుస్తా ఉండాడు.
తిట్టలేదు.
"బో సల్లగుండాదిమ్మా ఈడ" అన్నాడు.
నాకు అర్థం కాలేదు ఆ పొద్దు.
పాపం, భయంతో మతి పోయిందనుకున్నా.

తెర అవతల ఈల.
పొడుగ్గా, ఒకటే.
రెండైతే పోనీ అని. ఒకటైతే ఆపు.
ఇరవైరెండేండ్ల అలవాటు.
ఆగినా.

వస్తా నాయనా. కంగారు పడొద్దు.
మైలురాయి మీద కూచోనుండా,
ఇంకా నాలుగు కాయలుండాయి.