నూట ఇరవై

మక్తల్ బడి. తొమ్మిదో తరగతి, కరెంటు లేని రెండో పీరియడ్.
పుస్తకంల లెక్కలు చిన్నగుంటయి,
రెండు ఎక్స్ మైనస్ ఆరు, అట్ల.
ఆ పొద్దు నా చెయ్యి పెద్దది రాసింది,
ఈ దిక్కు అందరి నోట్ల తిరిగే అంకెనే:
మూడు వందల ఎక్స్ మైనస్ ముప్పై ఆరు వేలు.
"ఏ ఎక్స్ కాడ ఇది సున్నా అయితది?"

చాక్‌పీసు కింద పెట్టకముందే
వెనక బెంచీల కెళ్లి ఊశప్ప అన్నడు,
"నూటిరవై, సార్."
చెయ్యెత్తలే. పెన్ను గూడ తియ్యలే.

ఎట్లొచ్చిందిరా అంటే
కిటికీ దిక్కు చూసుకుంట చెప్పిండు.
మేస్త్రి ఇచ్చిన అడ్వాన్సు ముప్పై ఆరు వేలంట.
బెంగుళూరుల ఇటుకలు మోస్తే
దినానికి మూడొందలు కోసుకుంటడంట.
వాళ్లవ్వ సవారమ్మ పోయేముందు
జొన్నల గుమ్మి పక్కన గోడకు
బొగ్గుతోని గీతలు గీసి పోయిందంట,
పదికొక అడ్డగీత, పన్నెండు కట్టలు.
పొద్దుమీకి ఫోన్ల అడిగి ఒకటి తుడుస్తడు.
ఎక్స్ అంటే ఏందో ఆమెకు తెల్వదు.

నేను పంతుల్ని గదా, ఊకోలే.
పద్ధతి రాయాలె అన్న:
మైనస్ ముప్పై ఆరు వేలు
సమానం దాటితే ప్లస్ అయితది.
"దాటితే చాలా, సార్?"
కృష్ణ స్టేషన్ల రైలెక్కించిన్నాడు చూసిండంట,
వంతెన మీద రెండు పట్టాలు
అచ్చం సమానం గుర్తు లెక్కనే పొయినయంట.
అవతల రాయచూరు.
"మా అవ్వ గుర్తు మారలే సార్, ఆడ గూడ మైనసే."
పిల్లలు నవ్విండ్రు.
నేను గూడ కొంచెం నవ్విన, ఏం చెయ్యాల్నో తెల్వక.

పరీక్షల అదే లెక్క ఇచ్చిన.
అందరూ నూట ఇరవై రాసిండ్రు.
ఊశప్ప నూట ఇరవై రాసి, కొట్టేసి,
నూట ఇరవై ఏడు రాసిండు.
పక్కన చిన్నక్షరాలల్ల: ఏడు దినాలు జరం.

ఎర్ర పెన్ను పట్టుకొని చానాసేపు కూసున్న.
బహుపదికి జరం రాదు.
ఒక మార్కు కోసిన.

సవారమ్మ వచ్చిందంట, ఎండలు ముదిరినంక.
వచ్చిన తెల్లారే గోడకు సున్నమేసిందంట.
ఊశప్ప పదికొచ్చిండు,
ఇప్పుడు ముందు బెంచీల కూసుంటడు,
పద్ధతి మొత్తం రాస్తడు, వరుస తప్పడు.

ఆ ఒక్క మార్కు మాత్రం
నా దిక్కు మైనస్‌లనే ఉంది.
ఏ ఎక్స్ కాడ సున్నా అయితదో
నాకింకా దొర్కలే.