మూడో గడి

చాదర్‌ఘాట్ వంతెన కింద మూసీ
ఆ ఏడు సన్నగా పారుతోంది.
చంకలో ఓటర్ల ఫారాలు, వేళ్లకు సిరా,
బజార్లో ఇంకా హాలీ సిక్కా చెల్లుతున్న రోజులు.

"పేరు?"
"యాదయ్య ఎనుకింటామె."
"మీ పేరమ్మా."
"బీడీల కార్ఖానల ఏడో నంబరంటరు."
"అంతకు ముందు?"

ఆకు కత్తిరించే చెయ్యి ఆగింది.

"దొరసాని పెండ్లికి అరణం ఇచ్చిండ్రు.
పట్టుచీరెలు, ఇత్తడి బిందెలు, పాడిబర్రె,
వాటెంబడి నేను.
బర్రెకు పేరుండె, గౌరి అని.
నన్ను 'ఏయ్' అంటుండ్రి."

ఫారంలో మూడో గడి ఖాళీగా ఉంది.
ఆమె పారిపోయి వచ్చిన గడీకీ దీనికీ
ఒక్క దీర్ఘమే తేడా.

పేరు చెప్పని ఆడవాళ్లను కొట్టేయమని
పైనుంచి మాట.
పక్క గుమ్మంలోంచి రజియాబీ అరిచింది:
"ఏదో ఒకటి పెట్టుకోరాదే అక్కా,
పేరుకేమన్న పన్ను కట్టాల్నా!"

నేను రెండు మూడు పేర్లు అందించబోయాను,
మంచివే, మా బడి పిల్లలవి.
చేత్తో ఆపింది.

"గౌరి అని రాయి."
"అది బర్రె పేరు కదా?"
"ఆ ఇంట్ల నేను పిలిస్తే
పలికింది అదొక్కతే."

రాశాను.
వయసు అడిగితే నవ్వింది:
"ఓటు పడేటంత రాయి బిడ్డా."
తండ్రి లేదా భర్త అన్నచోట
ఏం రాయాలో ఏ సర్క్యులర్లోనూ లేదు.

ఫారం లాక్కుని, తలకిందులుగా పట్టుకుని,
సిరా ఆరేదాకా
మెల్లగా ఊదుతూ కూర్చుంది.