ఆరో వంతు

మహబూలాలో నాలుగో అంతస్తు, లిఫ్టు పనిచెయ్యని వైపు.
ఇద్దరికీ ఒకటే మంచం.
తెల్లారి అయిదు నుంచి సాయంత్రం అయిదు దాకా నాది.
రాత్రంతా రొట్టెల బండి తోలేవాణ్ణి, పగలే నాకు రాత్రి.
తొమ్మిదికి ఓబులేసు వాలతాడు,
మళ్ళీ అయిదుకు నేనొచ్చి తట్టి లేపేదాకా.
వాడి ఒంటి వేడి ఆరకముందే నేను కళ్ళు మూస్తాను.

అద్దె ఇరవై నాలుగు దినార్లు.
నాది సగం, వాడిది మూడో వంతు.
రెండూ కూడి చూడమని
రూము పెద్ద సుబ్బరాయుడు టీ పొడి అట్టా పెన్నూ ఇచ్చాడు.
పెన్ను కదలకముందే ఓబులేసు తేల్చేశాడు:
"పైన ఒకటీ ఒకటీ రెండు, కింద రెండూ మూడూ అయిదు.
అయిదింట రెండు. అయిపాయ."

అయిదింట రెండంటే సగం కూడా కాదు గదరా!
నా సగానికి నీది కలిస్తే
ఉన్న సగమే తరిగిపోయిందా?
సుబ్బరాయుడు నవ్వలేదు.
"ఈడ అట్లా గూడా అయితాదిలే" అన్నాడు,
పదకొండేళ్ళుగా జీతాలు కూడుతున్నవాడు.

రాజంపేట బడిలో దానియేలు సారు గుర్తొచ్చాడు,
చేతిలో బెత్తం కంటే సన్నటి మనిషి.
హారమంటే మెడలో దండ కాదురా,
ముక్క ఎంత లావో చెప్పే పేరు.
పేర్లు కలవందే ముక్కలు కలవవు.
రెండుగా కోసినవాడూ మూడుగా కోసినవాడూ
మళ్ళీ ఒకే కత్తి పట్టాల.

దినాన్ని ఆరుగా కోశాను.
నావి మూడు, వాడివి రెండు.
ఒకటి మిగిలింది.

అయిదు నుంచి తొమ్మిది.
నేను ఫహాహీల్ దారిలో ఉంటా,
వాడు ఓవర్‌టైములో పరంజా మీద ఉంటాడు.
ఎవరూ పండుకోని ఆ నాలుగ్గంటలకు
నాలుగు దినార్లు ఎవరు కట్టాల?

చెరిసగం అన్నాను.
"నీవి మూడు ముక్కలు, నావి రెండే గదా" అన్నాడు ఓబులేసు.
అప్పటికి లెక్క బాగానే వచ్చేసింది వాడికి.
రెండు దినార్ల నాలుగొందల ఫిల్సు నేను,
దినారు ఆరొందలు వాడు.
ఆ నెలంతా మాటల్లేవు.

మొన్న బండి చెడి, ఆరింటికే తిరిగొచ్చాను.
మంచం మీద ఎండ పండుకుని ఉంది.
కిటికీ చువ్వల నీడ దుప్పటి మీద,
దిండు మీద నూనె మరక, నాదో వాడిదో.
కూర్చోబోయి ఆగాను.
గోడకానుకుని నేల మీద కూలబడి
అది గోడెక్కి పోయేదాకా చూస్తా ఉండిపోయాను.

తొమ్మిదికి ఓబులేసు వచ్చి, చెప్పులు విడుస్తా,
"పండుకోలేదేం?" అన్నాడు.

నా వంతు కాదు గదా, అన్నాను.