ఈ. డే

మా తాత పేరు కత్తుల ఈదయ్య.
లష్కర్ ఇంగ్లీషు పేపర్ల పదమూడేండ్లు
ఆయన పేరు ఈ. డే.

చదివినోళ్లు అనుకున్నరట
సముద్రం దాటొచ్చిన ఐర్లండు పిలగాడని,
జీతానికి బంతాడే మొనగాడని.
మర్రిగూడ మాదిగవాడ పిలగాడని
బంగళాల కూసొని చాయ తాగే దొరసానికి ఎట్ల ఎరుక?

ఆటకంటె ముందు తోలు.
మాల్ సంతల తోళ్లు కొని
నెత్తిన మూట పెట్టుకొని పట్నం దాకా నడక.
పల్టన్ బూట్లకు మడిమెలు కొట్టి,
పగిలిన బంతికి కుట్టేసి,
కుట్టు నిలిచిందా లేదా అని
ఎడమకాలితోని ఒక్క తన్ను తన్ని చూసెటోడు.
ఆ తన్నును సార్జెంట్ టియర్నీ చూసిండు.

టియర్నీ ఐర్లండోడే, నిజంగనే.
వాళ్ల ఊర్ల వారానికింత అని జీతం తీసుకొని ఆడేటోడట,
టీం దివాలా తీస్తే తుపాకి పట్టిండట.
ఈ ముచ్చట చెప్పినప్పుడల్లా తాత నవ్వెటోడు:
"ఆడితే పైసలిస్తరంటనే! ఆడితే!"
పని చేస్తే ఇయ్యని ఊరు చూసినోడు గదా.

ఇరవై నాలుగుల వానకాలం,
ఎడమపక్క ఆడేటోనికి చలిజ్వరం.
బంతి కుట్టినోనికి బంతి దారి తెలుస్తది, అన్నడట టియర్నీ.
బూట్లు లేకుంటె మైదానంలకు రానియ్యరు.
దొరికినయి, ఎవరివో, తాత కుట్టినయే.
ఊరందరికి చెప్పులు కుట్టిన మనిషి
మొదటిసారి తన కుట్టు లోపల కాలు పెట్టిండు.
రెండు వేళ్లు పెద్దగున్నయి. పీలికలు కుక్కిండు.
నాలుగు ఒకటితోని ఓడిండ్రు.
ఆ ఒకటి ఆయనది.

ఆట అయినంక గుమస్తా పేరడిగిండు.
ఈదయ్య, అన్నడు.
ఈ దగ్గర చుక్క పెట్టిండు గుమస్తా,
మిగిలినదాన్ని తెల్లగ కడిగిండు.

ఆటకు రెండు హాలి రూపాయలు,
గెలిస్తే ఒక బన్ను ఎక్కువ.
పేపర్ లెక్కల గోల్స్ ముప్పై ఏడు,
తాత లెక్కల నలభై.
ఆ మూడు ఒక కెప్టెన్ దొర తన పేర రాయించుకున్నడు.
మూలకు నిలబడి కొడితే
బంతి కొడవలి తీర్గ వంగి
గోలీ చెవి పక్కనుంచి పోయెటిదట.
ఊరికొచ్చినంక గడి ముందట మాత్రం
చెప్పులు చేతులనే.

ముప్పై ఏడుల పల్టన్ ఎటో పోయింది, టియర్నీ పోయిండు.
తరువాతి జాబితాల ఈ. డే లేడు.
ఎందుకు లేడో పేపర్ రాయలే,
చదివినోళ్లు అడగలే.

ఇగ మిగిలింది మా బాయి నీళ్లు.
తియ్యగనే ఉంటయి, చూస్తే తేటగనే ఉంటయి.
నాకు తెలివొచ్చేసరికి
తాత కాళ్లు రెండు కొడవళ్లు.
కర్ర లేకుండ వాకిలి దాటలేడు.
నేను రబ్బరు బంతి దొర్లిస్తే
ఎడమకాలు ఇంత లేచి ఆగిపోయేది,
అయినా బంతి ఎటు పోవాల్నో
ఆ కండ్లు ముందే పొయ్యేటియి.

ఇప్పుడు నేను దేవరకొండ హాస్టల్ల ఆటల టీచర్ని.
ఆయన ఆరె, రంపె పెట్టుకునే డబ్బల
అడుగున పరిచిన పేపర్ల దొరికింది ఈ కథ,
సగం నూనె మరక.
సెలవులల్ల పట్నం లైబ్రరీకి పోయిన.
పాత ఆటగాళ్ల లెక్కలు రాసిన పుస్తకమొకటి, దుమ్ము దులిపి తెరిస్తే:
ఈ. డే. దేశం, ఐర్లండు. పుట్టిన ఊరు తెలవదు.

పెన్సిల్ తీసి పక్కన రాసిన: మర్రిగూడ.
లైబ్రరీ ఆయన చూసిండు, ఏమనలే.
చుక్కను గూడ చెరుపుదామని చూసిన,
అది అచ్చు.