పంటు నడవని రోజు

ఆ కాగితం మీద సంతకం నాదే.
"పంతొమ్మిదో తారీకున సఖినేటిపల్లిలోని స్వగృహమున
స్వయముగా అందజేయగా
తీసుకొనుటకు నిరాకరించినారు."
నా దస్తూరీ గుండ్రంగా ఉంటుంది.
అబద్ధం కూడా ముచ్చటగా కనబడుతుంది.

నర్సాపురం రేవులో
తిరుమాని నాగరత్నం గారి ఐసు ఫ్యాక్టరీకి
లక్క ముద్ర వేసిందీ నేనే.
కరెంటు పీకేశాక
నూట ఎనభై దిమ్మలు
తలుపు కిందనుంచి బయటికి నడిచొచ్చాయి.
మూడు రోజులు మురుగుకాలవ చల్లగా పారింది.
పిల్లలు కాళ్లు పెట్టుకుని నవ్వారు.
గంపల్లో పండుగప్పలు మెత్తబడ్డాయి.
గంపలోళ్లు నన్ను తిట్టలేదు,
ఒక చేప మొప్ప ఎత్తి చూపించారు, అంతే.

ఒకటి చెప్పాలి గదా,
అమ్మోనియా అబద్ధం కాదు.
గోడ పక్కింటి చంటమ్మ మనవడికి
రాత్రిళ్లు గుండెలో పిల్లికూతలు.
ఆవిడ అర్జీ రాసిపెట్టిందీ నేనే.
కమిషనరు గారు "ఎల్లుండికి మూయించెయ్" అన్నారు.
ఎల్లుండికి మూయాలంటే
నోటీసు పదిహేను రోజులు వెనక్కి నడవాలి.
కేలండరు చూసి పంతొమ్మిది మీద వేలు పెట్టాను.
ఆదివారం కాదు, రెండో శనివారం కాదు.
గోదారిని అడగడం మర్చిపోయాను.

హైకోర్టులో ఆవిడ లాయరు
ఎక్కువేమీ మాట్లాడలేదంట.
నూనె మరకల పుస్తకమొకటి బల్లమీద పెట్టాడంట,
పంటు పాటదారుడి లెక్కల పుస్తకం.
పద్దెనిమిది: కార్లు ఏడు, మోటారు సైకిళ్లు నలభై రెండు, గేదె ఒకటి.
పంతొమ్మిది: అడ్డంగా గీత.
"ధవళేశ్వరం మూడో హెచ్చరిక. పంటు లేదు."

చించినాడ వంతెన మీదుగా చుట్టు తిరిగి వెళ్లాడేమోనని
మా లాయరు నీళ్లు నమిలాడంట.
అవతల రోడ్డు మీద నడుంలోతు వరద,
ఆ రోజు పేపర్లో ఫొటో.
"అయితే మీ గుమాస్తా ఈదుకెళ్లాడా?"
జడ్జిగారి మాటకి కోర్టంతా నవ్విందంట.
నేనక్కడ లేను.
ఇక్కడ బీరువా పక్కన స్టూలు మీద
నాలుగు జిల్లాలు దాటొచ్చి వినబడింది.

తీర్పులో ఫ్యాక్టరీ మంచిదని లేదు.
కుర్రాడి దగ్గు గురించి ఒక్క ముక్కా లేదు.
ఉత్తర్వు కొట్టేశారు.
నోటీసిచ్చి, ఆమె చెప్పేది విని,
మళ్లీ మొదట్నించి ఆలోచించమన్నారు.
అడిగాక మూస్తారో, అడిగి ఊరుకుంటారో,
అది మీ ఇష్టం, ముందు అడగండి అన్నారు.

లక్క చితక్కొట్టినప్పుడు
ఎర్రటి పెంకులు నా చెప్పుల్లోకి దూరాయి.
లోపల దిమ్మల డబ్బాలు తుప్పు కన్నీరు కారుస్తూ,
మూలన కప్ప ఒకటి.

కొత్త నోటీసు నేనే రాశాను.
చంటమ్మని కూడా విచారణకి రమ్మన్నాను,
కుర్రాణ్ణి తీసుకునే రమ్మన్నాను.
తర్వాత పంటెక్కాను.
నాగరత్నం గారు అరుగు మీద కళ్లజోడు తుడుచుకుని
అక్షరం వదలకుండా చదివారు.
"ఇవాళ తారీకెంత?"
చెప్పాను.
ఆవిడ ఓసారి గోదారి వైపు చూసి
అప్పుడు పెన్ను అడిగారు.

రానూ పోనూ టిక్కెట్లు
ఫైలుకి గుండుసూదితో గుచ్చాను.
ఎవరూ అడగలేదు.