గొడుగులు బాగుచేసేవాడి ఫిర్యాదు

ఐదో అంతస్తులో ఉండే జెలిందా గారు
పొద్దున పిల్లలకి రాస్తుంది, రాత్రి పెద్దలకి.
రెండింట్లోనూ మా నత్త సందే.
జెనోవా రేవు నుంచి పైకెక్కే అన్ని సందుల్లో
ఇంకేదీ దొరకనట్టు.

నేను బాచిచ్చాని. కింద, ఏడో నంబరు తలుపు.
యాభై మూడేళ్లుగా గొడుగుల ఊచలు సరిచేస్తున్నా.
నా వేళ్లు చూడండి, అవీ వంగిన ఊచలే.

పిల్లల పుస్తకంలో నా తలుపు నీలం రంగు.
మూడుసార్లు తడితే లోపల సముద్రం,
గుమ్మంలో ఒక చేప టోపీ పెట్టుకుని టిక్కెట్లు చింపుతుంది.
మలుపు తిరిగిన ప్రతిసారీ కొత్తదేదో ఎదురు:
అలిగిన పిల్లి, ఇల్లు తప్పిన గంట, ఎవరిదో నవ్వు.
తొమ్మిదేళ్లవాడికి సందు ఎంత ఇరుకో అంత పెద్దది.

పెద్దల పుస్తకంలో అదే తలుపు ముందు శవం.
ఎప్పుడూ నవంబరే, ఎప్పుడూ వానే,
దీపం ఎప్పుడూ ఆరిపోబోతూనే ఉంటుంది.
మలుపు దగ్గర అడుగుల చప్పుడు ఆగుతుంది.
నిజానికి అక్కడ ఆగేది ఇలారియో.
కూరల సంచి కింద పెట్టి దగ్గుకుంటాడు.
ఇరవై రెండో పేజీలో హంతకుడి చేతిలో గొడుగు:
చెర్రీ కొయ్య పిడి, వెండి కట్టు.
అది నేను చేసిందే. ఆవిడకే చేశాను.
సగం డబ్బు ఇంకా బాకీ.

శనగపిండి ఫరినాతా కాలే వాసన
రెండు పుస్తకాల్లోనూ లేదు. అడిగితే అంది:
"వాసనతో నాకేం పని బాచిచ్చా?
పెద్ద వీధిలో మనిషి పక్కకి తప్పుకుంటాడు.
సందులో ఎదురుపడాల్సిందే. నాకు కావాల్సింది అదీ."

విల్మెర్ వాళ్లమ్మ గ్వాయాకిల్ నుంచి వచ్చింది,
నాలుగిళ్లలో ముసలివాళ్లని చూసుకుంటుంది.
బడి వదిలాక వాడు నా దుకాణంలో కూచుని చదువుతాడు.
ఒకనాడు జిగురు డబ్బా వెనక పెద్దల పుస్తకం దొరికింది.
నేను చూసేసరికి పదకొండో పేజీ.

"తాతా, చేప ఎటు పోయింది?"
"ఇందులో చేప లేదురా."
"తలుపు అదే కదా. ఆయన పడిపోయినప్పుడు
లోపలున్న చేపకి వినపడలేదా?
టిక్కెట్టు లేకపోయినా రానిచ్చేది కదా."

నా దగ్గర జవాబు లేదు.
తొంభై నాలుగు మెట్లెక్కి ఆవిడనే అడిగొచ్చాడు.
చాలాసేపు మాట్లాడలేదట.
బిస్కత్తు ఇచ్చిందట. మెత్తబడిపోయిందట.

మర్నాడు నిజంగానే వాన. నవంబరు కాదు, మే.
జెలిందా ఇటునుంచి, ఇలారియో అటునుంచి.
సందు వెడల్పు ఒక గొడుగూ ఒక జానెడూ.
పిల్లల పుస్తకంలో అయితే ఇక్కడ పందెం,
ముందు గొడుగు మూసినవాడు రాజు.
పెద్దల పుస్తకంలో ఎవరూ మూయరు,
అందుకే శవం.

నేను గడపలో, విల్మెర్ నా మోచేతి కింద.
ఇలారియో పొడగరి, చెయ్యి పైకెత్తాడు.
ఆవిడ తలకి ఆనేదాకా దించింది.
ఒక గొడుగు కింద నుంచి ఇంకో గొడుగు దాటిపోయింది.
ఆయన నీళ్లు ఆవిడ గొడుగు మీద,
ఆవిడ నీళ్లు ఆయన బూట్లలో.
ఒక దగ్గు, ఒక "క్షమించాలి".
అంతే.

ఇక్కడ ఎవరూ దీన్ని నేర్చుకోరు, చేస్తారు.
మా దగ్గర సందివ్వడమంటే ఇదే.
ఇంకా ఏ పుస్తకంలోకీ ఎక్కలేదు.

ఆవిడ మాత్రం మలుపు దగ్గర ఆగి
వెనక్కి చూసింది, గొడుగు పక్కకి వాలిపోయినా
తడుస్తున్నట్టు తెలియకుండా.

"తాతా, ఇది పిల్లలదా, పెద్దలదా?"

విరిగిన ఊచకి తీగ చుడుతున్నాను.
"ఇదిగో, ఈ చివర పట్టుకో," అన్నాను.