ఆ వీపు మాది

పేరు ఎవరిస్తో.
అందులో మొదటే "ఎవరు" ఉందని
తెలుగు చెవికి తప్ప తెలియదు.
చెబితే నవ్వేవాడేమో,
పైవరసలో రెండు పళ్ళు లేని నవ్వు.

పోస్టర్ మీద మాత్రం బడ్ హార్లన్.
టెక్సాస్ ఎటువైపో తెలియని టెక్సాస్ వాడు.
రోము శివార్ల రాళ్ళ క్వారీలో
పొద్దున గ్లాడియేటరు, మధ్యాహ్నం బందిపోటు,
నడుమ ఒక రొట్టె, పచ్చి ఉల్లిపాయ.

గుర్రం మీంచి, మిద్దె మీంచి,
ఖాళీ అట్టపెట్టెల మీదికి.
పడ్డందుకే కూలి.
లేచినందుకు ఎవరిస్తారు?

ఒక సినిమాలో తనను తానే కాల్చుకున్నాడు:
మీసంతో తుపాకీ పేల్చి,
మీసం పీకేసి, చొక్కా మార్చి,
వీధికి అవతల నిలబడి
ఆ గుండే తగిలించుకున్నాడు.
ఇద్దరికీ కలిపి ఒక్కడి డబ్బే ఇచ్చారు.

హీరో కూలినప్పుడల్లా
హాల్లో ఫెదోరా మొగుణ్ణి పట్టేసేది:
ముందు ఎడమ భుజం, గడ్డం లోపలికి.
పక్కావిడ చెవిలో, "ఆ వీపు మాది."

ఇప్పుడు నాలుగో అంతస్తు. లిఫ్టు చెడి నెలైంది.
కమ్మీ వదలకుండా మెట్టు మెట్టూ దిగుతాడు,
ఎత్తంటే ఏమిటో తెలిసినవాడు.

అర్ధరాత్రి టీవీలో పాత బొమ్మ.
దుమ్ము. ఎవడో దొర్లాడు.
"నువ్వే కదూ?" అంది ఫెదోరా.

అతని వేలు తెర మూలకి వెళ్ళింది.
"అది పెర్లా, చుక్కల గుర్రం.
పారిపోవాలి అసలు, కథ ప్రకారం.
నేను పడగానే ఆగి
వెనక్కి చూసింది, చూడు.
డైరెక్టరు బండబూతులు తిట్టాడు.
మళ్ళీ తీయడానికి ఫిల్ము లేదు."